సదరు మోకాలు

కర్నాటి మార్కండేయులు గారి ఎడమ మోకాలును రాష్ట్ర వారసత్వ సంపదగా ప్రకటిస్తూ వచ్చిన ఉత్తర్వును నూలుపాలెం మునిసిపల్ ఆఫీసు నోటీసు బోర్డుకు అంటించింది నేనే. దానికి ఒక పక్క కుక్కలకు టీకాలు వేయించండహో అన్న ప్రకటన, ఇంకో పక్క చేపల మార్కెట్టు వేలం, మధ్యలో మోకాలు. ఇరవై ఎనిమిదేళ్ళ సర్వీసులో ఆ బోర్డుకు చాలా అంటించాను గానీ మనిషి అవయవం గురించి మాత్రం ఇదే మొదటిది. అందుకని మైదా జిగురు రెండు పూతలు వేసి మరీ అంటించాను.

నా పేరు పెండ్యాల శేషగిరి. సీనియర్ అసిస్టెంటుని. నా దగ్గర జనన మరణాల సెక్షన్ ఉండేది. ఈ వ్యవహారం చచ్చిపోయి లేచినవాళ్ళకు సంబంధించింది కాబట్టి రెండు విధాలా నాదేనని కమిషనర్ గారు ఫైలు నా బల్ల మీద పడేశారు. ఆయన తప్పు పట్టడానికేం లేదు, నేనైనా అలాగే పడేసేవాణ్ణి.

ముందు సినిమా సంగతి చెప్పాలి. నలభై నాలుగేళ్ళ కిందట మా ఊళ్ళో సోడా ఫ్యాక్టరీ నడిపే పాండురంగం అనే ఆయన ఉన్నట్టుండి ఫ్యాక్టరీ అమ్మేసి ‘లేచొచ్చిన ఊరు’ అని ఒక సినిమా తీశాడు. శ్మశానంలో శవాలు లేచి ఊరి మీదకు వస్తాయి, దొరికినవాణ్ణి దొరికినట్టు పీక్కుతింటాయి. అదీ కథ. ఇప్పుడు పిల్లలు జాంబీలంటున్నారే, అవే. అప్పట్లో మా ఊళ్ళో ఆ మాట ఎవరికీ తెలియదు. పాండురంగానికీ తెలియదు. ఆయన వాటిని ‘మనవాళ్ళు’ అనేవాడట.

డబ్బుల్లేని సినిమా. కలర్ ఫిల్ము కొనలేక తెలుపు నలుపులో తీశాడు. అది మేలే అయింది, అద్దకం తొట్లలో మిగిలిపోయిన నీలిరంగు నెత్తురుగా సరిపోయింది. మనుషుల వేళ్ళు కొరుక్కుతినే సీనులో ఉడకబెట్టిన తేగలు పెట్టారు. పక్కటెముకలకు ములక్కాడలు. పదకొండు రోజుల షూటింగు, పూటకు పులిహోర పొట్లం. శవాల వేషాలకు మా ఊరి నేతగాళ్ళు ఇరవై ముగ్గురు వచ్చారు, సీజను లేక మగ్గాలు సగం ఆగి ఉన్న రోజులు.

మొదటి రోజు పొద్దున వాళ్ళను శవాల్లా నడవమంటే పెళ్ళికి వెళ్తున్నట్టు నడిచారట. పాండురంగం నెత్తి కొట్టుకున్నాడు. సరిగ్గా మధ్యాహ్నం అన్నాల వేళకు పక్క షెడ్డులో మగ్గాలు ఆగాయి. మావి గుంట మగ్గాలు. నేల మీద కూర్చుని, కాళ్ళు గుంటలోకి వేలాడేసి నెయ్యాలి. తెల్లారకట్ట కూర్చున్నవాడు అన్నానికి లేచేసరికి రెండు కాళ్ళూ తిమ్మిరెక్కి తనవి కాకుండా పోతాయి. ఎక్కడ పడిపోతామోనని చేతులు ముందుకు చాపి, ఒక కాలు ఈడుస్తూ, నోరు తెరుచుకుని, అన్నం వాసన వచ్చే దిక్కుకు నడిచి వస్తున్న నేతగాళ్ళను పాండురంగం చూశాడు. "అదే! ఓర్నాయనో, అదే!" అని కేక పెట్టాడట. ఆ తరవాత ప్రతి షాటుకు ముందు వేషగాళ్ళందరినీ రెండేసి గంటలు గుంటల్లో కూర్చోబెట్టి లేపేవాడు. అందరికన్నా ముందు నడిచినవాడు మార్కండేయులు. అప్పటికి ముప్పై ఏళ్ళు.

సినిమా మూడు రోజులాడింది. నాలుగో రోజు హాలువాడు భక్తి సినిమా వేసుకున్నాడు. పాండురంగం మళ్ళీ సోడాలు కొట్టుకుని బతికి, పోయాడు. ఆయన మరణం నా సెక్షనులోనే నమోదైంది. లేవలేదు.

ఆ తరవాత ఏమైందో ఎవరికీ సరిగ్గా తెలియదు. ఆ సినిమా పెట్టె ఒకటి ఎలాగో దేశాలు తిరిగింది. ఎక్కడో ఎవరో చూశారు, ఆ నడకను వాళ్ళ సినిమాలో పెట్టుకున్నారు, దాన్ని చూసి ఇంకొకళ్ళు పెట్టుకున్నారు. చివరికి ప్రపంచంలో ఏ శవం లేచినా నూలుపాలెం నేతగాడిలాగే నడవటం మొదలుపెట్టింది. ఒక విదేశీ పరిశోధకురాలు దాని మీద నాలుగు వందల పేజీల పుస్తకం రాసింది. ఫోన్లలో కుర్రకారు ఆ నడక నడిచి వీడియోలు పెట్టారు. పెళ్ళి ఊరేగింపుల్లో నడిచారు. ఓ పెళ్ళిలో పెళ్ళికొడుకే నడిచాడు, పెళ్ళికూతురి తండ్రి భయపడి డాక్టర్ని పిలిచాడు. అప్పటికి గానీ ప్రభుత్వానికి మెలకువ రాలేదు. వచ్చాక మాత్రం ఊరుకోలేదు, ‘మరణానంతర సంచార కళా పరిరక్షణ మండలి’ అని ఒకటి పెట్టింది.

మండలికి సభ్య కార్యదర్శిగా చక్రపాణి గారు వచ్చారు. రాజధానిలో పెద్ద పదవికి మెట్టుగా ఉంటుందని ఈ పోస్టుకు ఒప్పుకున్నారని ఆయన డ్రైవరే చెప్పాడు. ఆరుగురు సభ్యులతో, రెండు కార్లతో దిగి, ఇరవై ముగ్గురు శవాల్లో మిగిలిన ఒకే ఒక్క శవాన్ని చూపించమన్నారు. నేను నేతగాళ్ళ వీధికి తీసుకెళ్ళాను.

మార్కండేయులు అరుగు మీద కూర్చుని కండెలకు నూలు చుడుతున్నాడు. లేచి, గోడ పట్టుకుని, కాలీడ్చుకుంటూ వచ్చి నమస్కారం పెట్టాడు. ఆ నాలుగు అడుగులూ చూసి కమిటీలో ఒకాయన కళ్ళు తుడుచుకున్నాడు.

"తమరు ఆ నడక ద్వారా ఏ భావాన్ని ఆవిష్కరించదలిచారు?" అని అడిగారు చక్రపాణి గారు.

"బావం లేదు గీవం లేదు బాబూ. పొద్దున్నుంచీ గుంటలో కూకుంటే కాళ్ళు తిమ్మిరెక్కినియ్యి. అంతే."

చక్రపాణి గారు స్టెనో వైపు తిరిగి, "‘శ్రమజీవి పాదాలలో ఘనీభవించిన చరిత్ర’ అని రాసుకోండి" అన్నారు. మళ్ళీ ఇటు తిరిగి, "నలభై నాలుగేళ్ళ తరువాత కూడా అదే నడకను నిలుపుకొన్నారే! సాధన చేస్తూంటారా?" అన్నారు.

"సాదనేంది బాబూ, మోకాలు అరిగిపోయింది. నడిస్తే పేణం పోతంది."

"‘నిరంతర సాధన వలన అరిగినది’ అని రాసుకోండి."

లోపల్నుంచి ఆయన భార్య నాంచారమ్మ మజ్జిగ గ్లాసులతో వచ్చి ఈ మాట విని, గ్లాసులు తిరిగి లోపలికి తీసుకెళ్ళిపోయింది. ఆవిడ స్వభావం నాకు తెలుసు కాబట్టి నేను మజ్జిగ సంగతి ఎత్తలేదు.

నెల తిరక్కుండా ఉత్తర్వు వచ్చింది. మండలి కొత్తది, నిబంధనలు రాసుకునే తీరిక లేదు. పాత కోటలకూ బురుజులకూ ఉన్న నిబంధనల పుస్తకం తెప్పించి, ‘కట్టడం’ అని ఉన్నచోటల్లా ‘సదరు మోకాలు’ అని మార్చుకున్నారు. ఇందులో వింతేమీ లేదు. మా మునిసిపల్ పార్కు నిబంధనలు శ్మశానం నిబంధనలు చూసి రాసుకున్నవే. అందుకే పార్కు నుంచి వెళ్ళేవాళ్ళు ఇవాళ్టికీ వెనక్కి తిరిగి చూడకూడదు.

రోజూ పనికొచ్చే నిబంధనలు నేను కంఠతా పట్టాను. సదరు మోకాలు సందర్శన వేళలు ఉదయం పది నుంచి సాయంత్రం అయిదు. సోమవారం సెలవు. సదరు మోకాలుపై పేర్లు చెక్కరాదు, సున్నం వేయరాదు, మేకులు దిగగొట్టరాదు. సదరు మోకాలును ఊరి హద్దులు దాటించరాదు. సదరు మోకాలుకు వంద మీటర్ల లోపల ఎటువంటి తవ్వకాలు గానీ నిర్మాణాలు గానీ జరపరాదు. కాపలాకి కోటిలింగం అని ఒక మనిషిని కూడా వేశారు. ఖాకీ చొక్కా, ఒక ఈల, ఒక నీలిరంగు బోర్డు ఇచ్చారు. మార్కండేయులు ఇంట్లో ఉంటే బోర్డు గుమ్మం ముందు నాటుతాడు, బయటికి వెళ్తే బోర్డు మోసుకుంటూ వెనక నడుస్తాడు.

"నలబై అయిదేళ్ళుగా ఆ మోకాలికి నూనె రాసి చచ్చేదాన్ని నేను. నాకు పెట్టరేందయ్యా బోర్డు?" అని నాంచారమ్మ ఆఫీసుకు వచ్చి నన్ను నిలేసింది.

"ఉత్తర్వులో మీ పేరు లేదు పిన్నీ" అన్నాను. నిజమే కదా.

వంద మీటర్ల నిబంధనతోనే వచ్చింది ఇబ్బందంతా. కోట అయితే ఒకచోట పడి ఉంటుంది. మోకాలు తిరుగుతుంది. నేతగాళ్ళ వీధిలో మురుగు కాలువ కోసం నిలువెత్తు గుంట తవ్వి ఉంచాం. ఉత్తర్వు రాగానే ఆ పని ఆగింది. పూడ్చటం కూడా నిర్మాణమే కాబట్టి పూడ్చలేదు. ఇక మార్కండేయులు టీకి వెళ్తే టీకొట్టు చుట్టుపక్కల పనులు ఆగాలి. కోటిలింగం ఈల ఊదగానే తాపీ మేస్త్రీలు తాపీలు కింద పెట్టి చేతులు కట్టుకుని నిలబడేవాళ్ళు. ఆయన క్షవరానికి వెళ్తే ఎదురుగా లేస్తున్న కల్యాణమండపం రెండు గంటలు ఆగిపోయింది. మంగలి చేతిలో కత్తి కూడా ఆపించాలా అని కోటిలింగం నన్ను అడగటానికి వచ్చాడు. నేను నిబంధనలు చూసి, గడ్డం గీయటం తవ్వకం కిందికి రాదని లిఖితపూర్వకంగా తెలియజేశాను.

కాంట్రాక్టర్లంతా కలిసి వెళ్ళి, "మార్కండేయులు బాబాయ్, నీ కాళ్ళు పట్టుకుంటాం, ఇంట్లోనే కూచో" అన్నారు.

"కాళ్ళు పట్టుకోమాకండి, గవర్నమెంటోళ్ళు ఊరుకోరు" అన్నాడట ఆయన.

మొదట్లో ఆయనకు కాస్త సరదాగానే ఉండేది. కార్లేసుకుని వచ్చిన కుర్రాళ్ళు పక్కన నిలబడి ఫోటోలు దిగేవాళ్ళు. నాలుగడుగులు వేసి చూపించమంటే వేసేవాడు. వాళ్ళు చప్పట్లు కొట్టేవాళ్ళు. వాళ్ళు వెళ్ళాక అరుగు మీద కూలబడి మోకాలు రెండు చేతులతో పట్టుకుని కళ్ళు మూసుకునేవాడు. సోమవారం మాత్రం సెలవు కాబట్టి కోటిలింగం బయట గొళ్ళెం పెట్టేవాడు.

ఇలా ఉండగా గుంటూరు ఆసుపత్రి నుంచి నాంచారమ్మకు ఫోను వచ్చింది. రెండేళ్ళ కిందట పేరు రాయించుకున్న మోకాలి ఆపరేషనుకు వంతు వచ్చిందనీ, వచ్చే నెల పద్దెనిమిదో తారీఖున మంచం ఖాళీగా పెడతామనీ, ఆ రోజు రాకపోతే మళ్ళీ జాబితా చివరికి పోవాల్సిందేననీ చెప్పారు. అంటే మళ్ళీ రెండేళ్ళు. ఆయనకు డెబ్బై నాలుగు.

ఇద్దరూ ఆఫీసుకు వచ్చారు. మా ఆఫీసుకు అయిదు మెట్లు. మార్కండేయులు మెట్లకు వీపు పెట్టి కింద మెట్టు మీద కూర్చున్నాడు. చేతులు ఆనించి, పంచె సర్దుకుని, కూర్చున్నవాడు కూర్చున్నట్టే ఒక్కో మెట్టూ వెనక్కి వెనక్కి ఎక్కాడు. నాంచారమ్మ భుజాల కింద చేతులు వేసి లాగింది. పైకి వచ్చేసరికి ఇద్దరికీ ఊపిరి ఆడలేదు. వెనకాల కోటిలింగం బోర్డు పట్టుకుని నిలబడ్డాడు. ఆ బోర్డు రాయించింది నేనే. నాకు సిగ్గేసింది. ఫైళ్ళ మీద ఎన్నో చూశాను గానీ కళ్ళెదురుగా ఒక ముసలాయన అలా మెట్లెక్కటం నేను చూడలేదు, చూసి ఉండకూడదు కూడా.

"శేషగిరిబాబూ, ఇంకేం అడగను. ఈ మడిసి నా పక్కన మామూలుగా నాలుగడుగులు నడవాల. అంతే" అంది నాంచారమ్మ.

మరమ్మతు అనుమతి ఫారం తీశాను. అది కూడా కోటల ఫారమే. నేను అడుగుతుంటే ఆవిడ చెప్పింది.

"సదరు మోకాలు నిర్మాతెవరు?"

"మా మామ. కర్నాటి ఎంకటసామి."

"నిర్మాణంలో వాడిన సామగ్రి?"

"జొన్నన్నం, గోంగూర."

"గతంలో మరమ్మతులు?"

"పన్నెండో ఏట తాటిచెట్టు మీంచి పడితే ఆకు పసరు కట్టారంట."

"గబ్బిలాల బెడద?"

"నేనుండగా ఏదీ దగ్గరికి రాదు. రాసుకో."

రాశాను. పది రోజులకు జవాబు వచ్చింది. ‘వారసత్వ సంపదకు మరమ్మతు చేయునపుడు మూల నిర్మాణమున వాడిన సామగ్రిని మాత్రమే వాడవలెను. ఆసుపత్రి వారు ప్రతిపాదించిన ఉక్కు, ప్లాస్టిక్, సిమెంటు నిబంధనలకు విరుద్ధము. అదిగాక గుంటూరు నూలుపాలెం హద్దులలో లేదు. కావున తిరస్కరించడమైనది.’

నాంచారమ్మ ఆ కాగితం మడిచి కొంగున కట్టుకుని తిన్నగా, ఊళ్ళోనే కొత్తగా తెరిచిన మండలి ఆఫీసుకు, చక్రపాణి గారి గదిలోకి వెళ్ళింది. వెనకాల నేనూ వెళ్ళాను, ఫైలు పట్టుకుని.

"జొన్నన్నంతో మోకాలు చేసే డాకటేరు ఎక్కడున్నాడో సెప్పండి బాబూ. ఆయన కాడికే తీసకపోతా."

"అమ్మా, తమరు విషయాన్ని వ్యక్తిగత కోణంలో పరిశీలిస్తున్నారు" అన్నారు చక్రపాణి గారు ఎంతో మర్యాదగా. "మోకాలు తమ భర్తగారిదే, కాదనము. కానీ దాని ప్రాముఖ్యత యావజ్జాతిది."

"అట్టయితే నొప్పి కూడా జాతికి తలా కాస్త పంచండి."

"నొప్పి మా పరిధిలోకి రాదమ్మా. అది ఆరోగ్య శాఖ."

నాంచారమ్మ గిరుక్కున తిరిగి గదిలోంచి బయటపడింది. వరండాలో కూలబడి కొంగుతో ముఖం కప్పుకుంది. నాకు ఒళ్ళు మండింది. ఒళ్ళు మండితే కొందరు అరుస్తారు, కొందరు రాళ్ళు విసురుతారు. నేను గుమాస్తాని కాబట్టి నిబంధనల పుస్తకం తీసి మొదటి పేజీ నుంచి చదివాను.

పంతొమ్మిదో నిబంధన దగ్గర దొరికింది. ‘సదరు మోకాలులోని వారసత్వ లక్షణము వేరొకచోట మరింత పూర్ణరూపమున లభ్యమైనచో, దానిని వారసత్వ సంపదగా గుర్తించి, మొదటిదానిని జాబితా నుండి విడుదల చేయవచ్చును.’ పాడుబడ్డ బురుజులు వదిలించుకోవటానికి ఎవరో మహానుభావుడు రాసుకున్న మాట. అంటే ఆ నడక ఇంకెవరికైనా అచ్చంగా వస్తే మార్కండేయులుకు విడుదల.

మండలికి ఈ ఆలోచన నచ్చింది. శిక్షణ కేంద్రం పెట్టారు. పన్నెండు మంది కుర్రాళ్ళు చేరారు, అందరూ ఫోన్లలో వీడియోలు పెట్టి పేరు తెచ్చుకున్నవాళ్ళే. పదో తారీఖు వచ్చినా ఒక్కడికీ నడక పట్టుబడలేదు. వాళ్ళకు మోకాళ్ళు బాగున్నాయి. అదీ లోపం. కమిటీ పదకొండున ఆఖరి పరీక్ష పెడతానంది.

నేను ఈ మాట చెప్పగానే నాంచారమ్మ కళ్ళల్లో ఏదో మెరిసింది. "కమిటీ అంతా వచ్చిద్దా? ఆ పెద్దాయన కూడానా?"

"ఏడుగురూ వస్తారు పిన్నీ."

"మా షెడ్డులోనే పెట్టమను పరిచ్చ. భోజనాలు నావి."

పదకొండో తారీఖు పొద్దున తొమ్మిదింటికి కమిటీ షెడ్డుకు వచ్చింది. అందులో కుర్చీలు లేవు. నేతగాళ్ళ షెడ్డులో కుర్చీలెందుకుంటాయి? నాంచారమ్మ ఏడు మగ్గాల దగ్గర ఏడు మెత్తటి పట్టు దిండ్లు వేయించింది. "అసలు కళ పుట్టింది ఈడనే గదా బాబూ. పెద్దోళ్ళు ఆ గుంటల్లో కాళ్ళు పెడితే మా మగ్గాలు ధన్యమైపోతాయి" అంది చేతులు జోడించి. చక్రపాణి గారు మురిసిపోయారు. ఏడుగురూ కాళ్ళు గుంటల్లోకి వేలాడేసి కూర్చున్నారు. అంచు కింద తొడలకు ఒరుసుకునే కర్ర ఒకటి ఉంటుంది. అది నేతగాళ్ళకు తప్ప తెలియదు.

కుర్రాళ్ళ నడక పరీక్ష అరగంటలో అయిపోయింది. పన్నెండు మందీ తప్పారు. ఇక లేస్తారేమోనని భయం వేసింది. అప్పుడు నేను, ఇంత దూరం వచ్చారు కాబట్టి వారసత్వం మీద అయ్యవారు నాలుగు మాటలు సెలవిస్తే మినిట్సులో రాసుకుంటానని వినయంగా మనవి చేశాను. ఆయన సెలవిచ్చారు. మూడు ముప్పావు గంటలు సెలవిచ్చారు. ‘చలనమే జీవనమనుకొనుట పొరపాటు’ అన్న దగ్గర మొదలుపెట్టి మూడు ఉపన్యాసాలు కలిపి చెప్పారు. పైవాడు మాట్లాడుతుంటే కిందివాడు కాలు కదపకూడదు కదా, మిగతా ఆరుగురూ కదపలేదు.

ఒంటిగంట దాటాక వీధిలో నుంచి మాంసం పులుసు వాసన, దాని వెనకే గారెలు వేగుతున్న వాసన వచ్చాయి. నాంచారమ్మ గుమ్మంలోకి వచ్చి, "వడ్డించాం, రండి బాబూ" అని కేకేసింది.

ఏడుగురూ లేచారు. లేచి ఒక్క క్షణం ఆశ్చర్యపోయి నిలబడ్డారు. చక్రపాణి గారు చేతులు రెండూ ముందుకు చాపారు. మిగతావాళ్ళూ చాపారు. ఒక కాలు ఈడుస్తూ, నోళ్ళు తెరుచుకుని, మూలుగుతూ, గారెల వాసన వచ్చే దిక్కుకు వీధిలోకి నడిచి వచ్చారు. బయట ఫోటోల కోసం వచ్చిన జనం రెండు వందల మంది ఉన్నారు. ఎవడో "అబ్బబ్బా!" అన్నాడు. అందరూ ఫోన్లు ఎత్తారు. అరుగు మీద కూర్చున్న మార్కండేయులు కళ్ళు చిట్లించి చూసి, "సరిగ్గా మేం నడిచినట్టే నడస్తన్నారే" అని నిజంగా మెచ్చుకున్నాడు.

జనం చప్పట్లు కొడుతుంటే చక్రపాణి గారు తల తిప్పి చూశారు. మురుగు కాలువకు తవ్వి వదిలేసిన గుంట అక్కడే ఉంది. ఆయన అందులో పడ్డారు. కుడి మోకాలు మడతపడింది. పైకి తీశాక కూడా కాసేపు చేతులు చాపే ఉంచారు.

సాయంత్రానికి ఆ వీడియో ఊళ్ళు దాటింది. మర్నాటికి దేశాలు దాటింది. నాలుగు వందల పేజీల పుస్తకం రాసిన పరిశోధకురాలు, ‘గుంటలో పడటం మహాద్భుతం’ అని రాసింది. పైనుంచి అభినందన లేఖ వచ్చింది. విలేకరులు అడిగితే చక్రపాణి గారు మోకాలికి కట్టు కట్టుకుని కూర్చుని, "అది మా బృందం కొన్ని నెలలుగా రహస్యంగా చేస్తున్న సాధన. పతనం కూడా రూపకల్పనలో భాగమే" అని చెప్పారు. తిమ్మిరి మాట ఎత్తలేదు. నేను ఆ పత్రికల ముక్కలు కత్తిరించి, సాక్షుల సంతకాలతో పంచనామా రాసి, పంతొమ్మిదో నిబంధన కింద ఉత్తర్వు తయారుచేసి ఆయన ముందు పెట్టాను.

ఉత్తర్వు రెండు పేజీలు. మొదటి పేజీ నిండా ఆయన సాధన గురించి, పట్టుదల గురించి, ఆ పతనం గురించి రాశాను. ఆయన దాన్ని రెండుసార్లు చదువుకున్నారు. ‘సదరు వారసత్వము సభ్య కార్యదర్శి వారి కుడి మోకాలున మరింత పూర్ణరూపమున లభ్యమైనందున, శ్రీ కర్నాటి మార్కండేయులు వారి ఎడమ మోకాలును విడుదల చేయడమైనది’ అన్నది రెండో పేజీ. అది చదివే ఓపిక ఆయనకు మిగల్లేదు. సంతకం పెట్టారు. పదహారో తారీఖు సాయంత్రం దాన్ని నోటీసు బోర్డుకు అంటించాను. పాతది గీకితే గానీ ఊడలేదు.

పద్దెనిమిదిన గుంటూరులో ఆపరేషను అయింది. కోటిలింగం బోర్డు పెకలించుకుని వెళ్ళి చక్రపాణి గారి క్వార్టర్స్ ముందు నాటాడు.

మూడు నెలలు గడిచాయి. చక్రపాణి గారికి రాజధానిలో అనుకున్న పదవి వచ్చింది గానీ వెళ్ళలేకపోయారు, సదరు మోకాలు ఊరి హద్దులు దాటరాదు. గుంటలో పడ్డప్పుడు దెబ్బతిన్నది ముదిరింది. గుంటూరు డాక్టరు చూసి, ఆపరేషను తప్పదన్నాడు. నిన్న కోటిలింగాన్ని బతిమాలి గొళ్ళెం తీయించుకుని ఆయన మా ఆఫీసుకు వచ్చారు. మెట్ల దగ్గర నిలబడి పైకి చూశారు, కిందకి చూశారు. తరవాత మెట్లకు వీపు పెట్టి కూర్చుని, ప్యాంటు సర్దుకుని, ఒక్కో మెట్టూ వెనక్కి వెనక్కి ఎక్కారు. కోటిలింగం ఈల ఊదాడు.

నేను కుర్చీ వేసి ఫారం తీశాను. "సదరు మోకాలు నిర్మాతెవరండీ?"

"శేషగిరీ, మనలో మనకు ఇదంతా అవసరమా?" అన్నారాయన నీరసంగా.

"తమరు పెట్టిన ఫారమే కదండీ."

"పోనీ ఎన్నాళ్ళు పడుతుంది?"

"నిపుణుల కమిటీ కూర్చోవాలండి. దానికి అధ్యక్షులు తమరే. దరఖాస్తుదారు అధ్యక్షత వహించరాదని ఆరో నిబంధన. కాబట్టి కమిటీ కూర్చునే వీలు లేదు. అదిగాక ఉక్కు, సిమెంటు వాడరాదు." గబ్బిలాల ప్రశ్న మాత్రం అడగలేదు. మనిషిని చూస్తే జాలేసింది.

ఆయన మోకాలు రెండు చేతులతో పట్టుకుని కళ్ళు మూసుకున్నారు. సరిగ్గా అలాగే మూసుకునేవాడు మార్కండేయులు.

ఆ వేళకే మార్కండేయులు, నాంచారమ్మ వీధిలో పోతున్నారు. ఆయన ముందు, ఆవిడ వెనక. "అంత దూకుడేందయ్యా? కొంచెం నిదానంగా నడువు, నేనందుకోవద్దా?" అని కేకలేస్తోంది. చక్రపాణి గారిని కిటికీలోంచి చూసి ఆయన ఆగాడు. ఇంటికి తిరిగి వెళ్ళి, తన పాత చేతికర్ర తెచ్చి, అయిదు మెట్లూ చకచకా ఎక్కి వచ్చాడు.

"ఇది నాకు అక్కరలేదు బాబూ. మీరు వాడుకోండి, బాగా ఆనుద్ది" అన్నాడు.

చక్రపాణి గారి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. చెయ్యి చాపారు. నేను అడ్డం వెళ్ళాల్సి వచ్చింది. ఆ కర్ర అనుబంధ వారసత్వ వస్తువుగా తమరి సంతకంతోనే నమోదైందనీ, సోమవారం తప్ప మిగతా రోజుల్లో పది నుంచి అయిదు వరకు చూడవచ్చు గానీ ముట్టుకోరాదనీ మనవి చేశాను.

నిన్న సోమవారం.